‘కడుపునొప్పి తాళలేక’ అని రాసే ముందు

మండల విచారణ కమిటీల్లో కూర్చునే తహసీల్దార్లకు, ఎస్సైలకు, వ్యవసాయాధికారులకు, వాళ్ళందరికన్నా ముందు కలం పట్టే ఠాణా రైటర్లకు

అయ్యా, అమ్మా,

అప్పుల్లో కూరుకుపోయిన రైతు ప్రాణం తీసుకున్న రోజు ఆ ఇంటి నుంచి రెండు కథనాలు బయలుదేరతాయి. ఒకటి వాకిట్లో పుడుతుంది. శోకాలు పెట్టి ఏడ్చే ఆడవాళ్ళ గొంతులో ఉన్నది రాగమే అనుకుంటాం గానీ, కాసేపు నిలబడి వింటే అందులో పద్దుల పుస్తకమంత లెక్క ఉంటుంది. ఎన్ని బోర్లు వేశాడు, దేంట్లో దుమ్ము లేచింది, ఏ దుకాణంలో తెచ్చిన మందు పురుగుకు ఆనలేదు, కౌలు పైసలు పంటకు ముందే ఎవరి చేతిలో పోశాడు, బిడ్డ పెళ్ళికి తెచ్చింది ఎంతకు పెరిగింది, నిన్న సందేళ ఎవరొచ్చి గడప ముందు నిలబడి ఏమని పోయారు, అన్నీ ఉంటాయి. రెండో కథనం ఠాణాలో పుడుతుంది. “పై తెలిపిన వ్యక్తి గత కొంతకాలంగా కడుపునొప్పితో బాధపడుతూ, నొప్పి తాళలేక, జీవితంపై విరక్తి చెంది” అని మొదలై, “మాకు ఎవరి మీదా ఎలాంటి అనుమానం లేదు” అని ముగుస్తుంది. మొదటిది సాయంత్రానికి గాల్లో కలిసిపోతుంది. రెండోది ఫైలెక్కి, ఆ ఇంటి మీద ఏళ్ళ తరబడి కూర్చుంటుంది.

ఆ రెండో కాగితాన్ని మొదటిదానికి కాస్త దగ్గరగా తేవచ్చు. దానికి కొత్త చట్టం అక్కర్లేదు, కొత్త జీవో అక్కర్లేదు.

కడుపునొప్పి ఎక్కడి నుంచి వచ్చిందో మీకు తెలుసు. సగం మీరు రాస్తే సగం ఊరు చెప్పింది. పాత ఐపీసీలో 309 అనే సెక్షన్ ఉండేది, ఆత్మహత్యాయత్నం నేరం. ఆస్పత్రిలో చేర్చినప్పుడే ఇంటివాళ్ళు భయపడి “పొరపాటున తాగిండు” అనో “కడుపునొప్పి మందనుకున్నడు” అనో చెప్పేవాళ్ళు. ఆస్పత్రి చీటీ మీద ఆ మాటే పడేది. మనిషి పోయాక ఠాణా కాగితం ఆస్పత్రి కాగితాన్ని చూసి రాసేవాళ్ళు. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం 115వ సెక్షన్ ఆ భయానికి కోరలు పీకింది. ఆత్మహత్యకు యత్నించిన మనిషిని తీవ్రమైన ఒత్తిడిలో ఉన్నట్టు భావించాలి తప్ప శిక్షించకూడదని చెప్పింది. 2024 జూలై 1న వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 309 లాంటి సెక్షనే లేదు. ఉన్న 226 ప్రభుత్వోద్యోగిని ఒత్తిడి చేయడానికి ఆత్మహత్యకు యత్నించిన సందర్భానికే పరిమితం. చట్టం పోయినా ఊళ్ళో భయం పోలేదు. అది పోయిందని చెప్పాల్సిన మొదటి మనిషి కాగితం ముందు కూర్చున్న రైటరే. “నిజం చెప్తే మీ మీద కేసేం కాదమ్మా.” ఈ ఒక్క మాట ముందు చెప్పి కలం మూత తీస్తే చాలావరకు కడుపునొప్పి అక్కడికక్కడే తగ్గిపోతుంది.

మిగతా సగం కారణం కొంచెం మొహమాటమైనది. అనారోగ్యం అని రాస్తే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 194 (పాత సీఆర్పీసీ 174) కింద విచారణ చేసి మూసేయొచ్చు. అప్పులవాళ్ళు వేధించారని రాస్తే న్యాయ సంహిత 108 (పాత 306), అంటే ఆత్మహత్యకు ప్రేరేపణ, అందులో నిందితుడు ఉంటాడు, దర్యాప్తు ఉంటుంది, ఆ నిందితుడు తరచూ ఊళ్ళో అందరికీ కావలసినవాడై ఉంటాడు. “ఎవరి మీదా అనుమానం లేదు” అనే వాక్యం పుట్టింది అందుకే. ఆ మాట అన్న ఆడమనిషి ఉద్దేశం తన భర్తను ఎవరూ చంపలేదని. నాలుగు నెలల తర్వాత అదే వాక్యాన్ని అప్పులవాళ్ళ వేధింపులేమీ లేవనడానికి రుజువుగా చదువుతారు. ఆమె అన్న మాట ఒకటి, కాగితం పలికే మాట ఇంకొకటి.

ఈ ఒక్క వాక్యం ఖరీదెంతో చెబుతాం. 2004 జూన్‌లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో వచ్చిన జీవో 421 ప్రకారం అప్పులతో ప్రాణం తీసుకున్న రైతు కుటుంబానికి లక్ష రూపాయల ఎక్స్‌గ్రేషియా, అప్పుల పరిష్కారానికి 50 వేలు. తెలంగాణ 2015లో జీవో 194తో దాన్ని 5 లక్షలు, అప్పులకు ఇంకో లక్ష చేసింది. ఆంధ్రప్రదేశ్ అదే ఏడు 5 లక్షలకు, 2019లో 7 లక్షలకు పెంచింది. మండల స్థాయిలో తహసీల్దారు, ఎస్సై, వ్యవసాయాధికారి చూసిన ఫైలు డివిజన్‌లో ఆర్డీఓ, డీఎస్పీ, వ్యవసాయ శాఖ ఏడీఏ ముందుకు పోతుంది. రెండు కమిటీలవాళ్ళూ ముందు తిప్పేది ఎఫ్‌ఐఆర్ పేజీనే. అక్కడ కడుపునొప్పి కనపడితే తర్వాత వచ్చే అప్పు నోట్లు, దుకాణం బిల్లులు, సాక్షుల మాటలు అన్నీ “తర్వాత కల్పించుకున్నవి” అయిపోతాయి. తెలంగాణలో రైతుబీమా 2018 ఆగస్టు నుంచి ఉంది కదా, 18–59 ఏళ్ళ పట్టాదారుకు ఏ కారణంతో పోయినా 5 లక్షలు వస్తాయి కదా అని కొందరు అధికారులు అంటుంటారు. నిజమే. కానీ పాస్‌బుక్ లేని కౌలురైతుకు, అరవై దాటినవాళ్ళకు ఆ బీమా లేదు. వాళ్ళ ఇంటికి మిగిలింది జీవో 194 ఒక్కటే. అంటే కాగితం మీద మాట అందరికన్నా ఎక్కువ అవసరమైనవాళ్ళు, కాగితాలు అందరికన్నా తక్కువ ఉన్నవాళ్ళే.

ఇక ఆ మొదటి గంట సంగతి. పోస్టుమార్టం కావాలంటే ముందు ఫిర్యాదు కావాలి, తర్వాత శవ పంచనామా. ఎండ ఎక్కుతుంటుంది, ట్రాక్టరు బయట ఆగి ఉంటుంది, పెద్దమనుషులు “తొందరగా కానియ్యండి సారూ” అంటుంటారు. భార్య శవం దగ్గర ఉంటుంది, ఠాణాకు వచ్చేది మరిదో, బావో, పాలివాడో. అప్పుల సంగతి అతనికి తెలియదు. తెలిస్తే కొన్నిసార్లు అప్పిచ్చినవాడే అతను. ఇలాంటి పూట పూర్తి కారణం రాయాలని చూడటమే తప్పు. మొదటి కాగితం చిన్నగా ఉన్నా ఫరవాలేదు, అబద్ధం లేకుండా, తలుపు మూయకుండా ఉండాలి. మాటవరసకు తెలంగాణ పల్లెలో, భార్యను అడిగి రాస్తే ఇలా:

“నా భర్త ఎవుసం చేస్తడు. మాకు సొంతం ఎకరం ఇరవై గుంటలు, కౌలుకు నాలుగెకరాలు. ఈ ఏడు పత్తి, మిర్చి పెట్టినం. అప్పులున్నయి. ఎవరికెంత అనేది నాకు అంతా ఎరుక లేదు. దినాలైనంక తెలుసుకొని చెప్తను. నా భర్తను ఎవరూ చంపలేదు. అప్పులోళ్ళు ఏమన్నరో అది కూడా అప్పుడే చెప్తను.”

ఎనిమిది చిన్న వాక్యాలు. రాయడానికి ఐదు నిమిషాలు పట్టదు. ఇందులో “దినాలైనంక చెప్తను” అనే వాక్యమే మొత్తం ఫైలుకు ఊపిరి. అది ఉంటే తర్వాత వచ్చే వివరం ముందు చెప్పినదానికి కొనసాగింపు అవుతుంది. లేకపోతే విరుద్ధం అవుతుంది. పోలీసు నియమాలకు ఇందులో అడ్డం వచ్చేదేమీ లేదు. చట్టం అడిగేది చెప్పిన సమాచారాన్ని రాసి, చదివి వినిపించి, సంతకం తీసుకోవడం (సురక్షా సంహిత 173వ సెక్షన్). కారణం ఆ పూటే తేల్చాలని ఎక్కడా లేదు. ఎఫ్‌ఐఆర్ నకలు పైసా తీసుకోకుండా వెంటనే ఇవ్వాలని కూడా అదే సెక్షన్ చెబుతుంది. ఆ నకలు ఇంటికి చేరేది చాలాసార్లు ఎప్పుడో నెలల తర్వాత, అదీ జిరాక్స్ ఖర్చు పెట్టుకుంటేనే.

పంచనామా దగ్గర ఇంకో మాట. చట్టం ఇరుగుపొరుగున ఉండే ఇద్దరు లేదా అంతకన్నా ఎక్కువమంది గౌరవనీయులు ఉండాలంటుంది. గౌరవనీయులంటే మగవాళ్ళేనని ఎక్కడా లేదు. పక్కింటి ఆడమనిషిని ఒక్కరినైనా పంచాయతీదారుగా (పంచనామా సాక్షిగా) కూర్చోబెట్టండి. ఇంటి పొయ్యి మీద ఏమున్నదో, పుస్తెలు ఎప్పుడు కుదువపడ్డాయో సర్పంచికన్నా ఆమెకే తెలుసు. “మరణానికి కారణంపై పంచాయతీదారుల అభిప్రాయం” అనే గడిలో ఆమె మాట కూడా పడుతుంది. కొత్త చట్టం ప్రకారం ఆ రిపోర్టు 24 గంటల్లో జిల్లా లేదా సబ్‌డివిజనల్ మేజిస్ట్రేట్‌కు పోవాలి. అంటే దిద్దుకునే వ్యవధి మీకు కూడా లేదు. పోయే రిపోర్టులో ఉన్నదే మీ మాట అవుతుంది.

ఆస్పత్రిలో కొన్నాళ్ళు ప్రాణంతో ఉన్నవాళ్ళ విషయంలో మరణ వాంగ్మూలం అనే దారి ఉంది. డాక్టరు స్పృహలో ఉన్నాడని రాసిస్తే మేజిస్ట్రేట్ వచ్చి తీసుకుంటారు. దీన్ని కాలిన గాయాల కేసులకే కేటాయించినట్టు చూస్తున్నారు. రైతు తన నోటితో తన లెక్క చెప్పగల చివరి అవకాశాన్ని అవుట్‌పోస్టు కానిస్టేబులు “ఏముందిలే” అని వదిలేయకూడదు.

దినాలయ్యాక అసలు వాంగ్మూలం. ఇక్కడ కూర్చోవడం, అడగడం, రాయడం మూడూ పనిలాగా నేర్చుకోవాల్సినవి, అందుకే కాస్త వివరంగా చెబుతాం.

ఆమెను ఠాణాకు రమ్మనకండి. సురక్షా సంహిత 179వ సెక్షన్ ప్రకారం ఆడమనిషిని సాక్షిగా విచారించాలంటే ఆమె ఉండే చోటికే పోవాలి. పోయేటప్పుడు మోటారుసైకిలు ఇంటి ముందు కాక కొంచెం అవతల ఆపండి. జీపు వాకిట్లో ఆగితే ఊరు ఊరంతా వచ్చి కూర్చుంటుంది, అందులో అప్పిచ్చినవాళ్ళూ ఉంటారు. వాళ్ళ ముందు ఆమె పెదవి విప్పదు. మగపెద్దలను “మీతో తర్వాత మాట్లాడతా” అని మర్యాదగా లేపండి. ఆడ కానిస్టేబులు గానీ, ఆశా కార్యకర్త గానీ, సంఘం లీడరు గానీ పక్కన ఉంటే మేలు. గోండి, కోయ, లంబాడీ మాట్లాడే ఇళ్ళలో ఆమె భాష తెలిసిన మనిషిని మీరే తెచ్చుకోండి, ఆ మనిషి పేరు కాగితం మీద రాయండి. ఆమె మరిదే దుబాసీ అయితే మీరు విన్నది మరిది మాట.

“ఎందుకు చేసుకున్నాడు?” అని మొదలుపెట్టకండి. ఆ ప్రశ్నకు ఆమె దగ్గర జవాబు లేదు. పైగా అది ఆమె చెవికి “నువ్వేం చేశావు?” అని వినపడుతుంది. జవాబు ఏడుపు, లేదా మౌనం. ఆ మౌనంలోకి మనం విరక్తిని తెచ్చి పోస్తాం. పొలం నుంచి మొదలుపెట్టండి. ఈ ఏడు ఏమేం పెట్టారు? ఎన్నెకరాలు సొంతం, ఎన్ని కౌలు? కౌలు ముందే కట్టారా, పంట మీదా? విత్తనాలు నగదుకా, ఉద్దెరకా? మొదటి విత్తనం మొలిచిందా, మళ్ళీ పెట్టారా? పోయినేడు ఎన్ని క్వింటాళ్ళు, ఏ రేటుకు, ఎవరికి అమ్మారు? ఆ పైసలు ఎవరు పట్టుకున్నారు? బోర్లు ఎన్ని, ఎన్ని ఫీట్లు? చివరి వారంలో ఇంటికి ఎవరెవరొచ్చారు? ఫోనెత్తడం ఎప్పుడు మానేశాడు? ఇవన్నీ ఆమెకు తెలిసినవే, చేతుల్తో చేసినవే. మూడో ప్రశ్నకు గొంతు నిలదొక్కుకుంటుంది. ఆమె ఆగితే మీరూ ఆగండి. మధ్యలో మాట అందించకండి. అందించిన మాటనే ఆమె “ఆఁ, అంతే సారు” అంటుంది, పదిమందిలో తొమ్మిదిమంది అలాగే అంటారు.

రాసేటప్పుడు ఆమె మాట మార్చకండి. ఆమె “మిత్తి” అంటే మిత్తి, “సేటు” అంటే సేటు, “నోటు తిరగరాయించుకున్నడు” అంటే అదే. ఇది భాష మీద మమకారంతో చెప్పడం లేదు, లెక్క తప్పుతుందని చెబుతున్నాం. ఆమె “నూటికి మూడు” అంటుంది. అది నెలకు. రైటరు చేతిలో అది “3 శాతం వడ్డీ” అవుతుంది. డివిజన్‌లో చదివే అధికారికి అది ఏడాదికి 3 శాతంలా కనపడుతుంది. పంట రుణం 7 శాతం, సకాలంలో కడితే 4, ఇది అంతకన్నా చవకే కదా, వేధింపెక్కడిది అనుకుంటారు. నిజానికి నూటికి మూడంటే ఏడాదికి 36.

రెండు లక్షల అప్పు తీసుకుందాం. నెలకు ఆరు వేలు, ఏడాదికి 72 వేలు. కట్టలేకపోతే ఏడాది చివర నోటు తిరగరాస్తారు, 2 లక్షల 72 వేలకు. రెండో ఏడు చివరికి 3 లక్షల 69 వేల 920. మూడో ఏడు చివరికి 5 లక్షలు దాటుతుంది. పాత నోటు చించేస్తారు. ప్రామిసరీ నోటుకు మూడేళ్ళ గడువు కాబట్టి ఎలాగూ తిరగరాయక తప్పదు. కమిటీ ముందుకొచ్చేది ఈ మధ్య తేదీ ఉన్న 5 లక్షల నోటు. “ఎకరంన్నర మనిషి ఒక్కసారే అయిదు లక్షలు తెచ్చి ఏం చేసిండు? ఇది తర్వాత పుట్టించిన నోటు” అని పక్కన పెడతారు. ఆమె వాంగ్మూలంలో “మొదట రెండు లక్షలు, మూడుసార్లు తిరగరాసిండ్రు” అనే వాక్యం ఉంటే ఆ అనుమానానికి జవాబు అక్కడే ఉంటుంది. అడగకపోతే ఆమె చెప్పదు. ఎందుకంటే ఊళ్ళో అందరికీ తెలిసిన సంగతి అధికారికి తెలియదని ఆమెకు తోచదు.

అప్పుల జాబితా ఒక్క విడతలో రాదు. భర్త తెచ్చిన అప్పులన్నీ భార్యకు తెలియవు. ఆమెకు తెలిసేవి వారం వారం కిస్తీ కట్టే మైక్రో ఫైనాన్సు, సంఘం అప్పు, కుదువపెట్టిన బంగారం. మిగతావి మూడో రోజు నుంచి పెద్దకర్మ దాకా ఒక్కొక్కటిగా గడప తొక్కుతాయి. అందుకే మొదటి రోజే ఒక నోటుపుస్తకం చేతికివ్వమని గ్రామ కార్యదర్శికో ఆశా కార్యకర్తకో చెప్పండి. వచ్చినవాడి పేరు, ఎంత అన్నాడు, ఎప్పుడిచ్చానన్నాడు, మిత్తి ఎంత, కాగితం చూపించాడా లేదా. ఆమెకు రాయడం రాకపోతే తొమ్మిదో తరగతి కొడుకో బిడ్డో రాస్తారు. తేదీలతో వరసగా నిండిన ఆ పుస్తకం ఏ నోటరీ కాగితంకన్నా బలమైన సాక్ష్యం. పక్కన చేరాల్సినవి: ఎరువుల దుకాణం తెల్లచీటీలు, అడ్తి తక్‌పట్టీలు (పంట అమ్మినప్పుడు ఇచ్చే చీటీలు), బోరు బండి రసీదు, బంగారం కుదువ చీటీ. అతని ఫోను కూడా. డబ్బు పంపిన చరిత్ర, కాల్ లిస్టు అందులోనే ఉంటాయి. మీరు ఫోను స్వాధీనం చేసుకుంటే రసీదు ఇవ్వండి. ఇంట్లోనే ఉంటే రీఛార్జి ఆపొద్దని చెప్పండి, ఆపితే నంబరు ఇంకొకరికి పోతుంది.

పెద్దకర్మ రోజు జరిగే ఒక పని గురించి ప్రత్యేకంగా చెప్పాలి. బంధువుల మధ్యే “ఇంటాయన పోయిండు, మాటకు నువ్వున్నవు కదమ్మా” అంటూ నోటు ఆమె పేరున తిరగరాయిస్తారు. భర్త అప్పుకు వారసులు బాధ్యులయ్యేది అతని నుంచి వచ్చిన ఆస్తి మేరకే. ఆమె తన పేరున కొత్త నోటు మీద వేలిముద్ర వేసిన క్షణం నుంచి అది ఆమె సొంత అప్పు. ఆ ఇంటికి పరామర్శకు పోయే ఏ అధికారి అయినా చెప్పదగిన ఒకే ఒక్క ఓదార్పు మాట ఇది: “ఏ కాగితం మీదా సంతకం పెట్టకమ్మా.”

సురక్షా సంహిత 180 కింద మీరు రాసే వాంగ్మూలం మీద సంతకం ఉండదు, చట్టమే వద్దంటుంది. కాబట్టి ఆమె చెప్పిందే ఆమె వేలిముద్రతో విడిగా అర్జీగా తీసుకోండి. ఠాణాకు ఒకటి, తహసీల్ కార్యాలయానికి ఒకటి, తేదీ ముద్ర వేసిన నకలు ఆమెకు ఒకటి. ఆడియో, వీడియో తీయొచ్చని 180లోనే ఉంది. ఫోనులో తీసిన పది నిమిషాల మాట ఎవరి శైలిలోకీ మారదు.

ఇప్పుడు వ్యవసాయాధికారులకు. మీ రిపోర్టులో ఎక్కువగా కనపడే వాక్యం “క్షేత్ర పరిశీలనలో పంట బాగానే ఉన్నది.” ఎప్పటి పరిశీలన? మనిషి పోయింది నవంబరులో, మీరు పొలం చూసింది ఫిబ్రవరిలో, అప్పటికి ఆ చేనులో ఇంకొకరి మొక్కజొన్న ఉంది. 2021–22లో మిర్చికి నల్ల తామర పురుగు వచ్చినప్పుడు చేను దూరం నుంచి పచ్చగానే కనపడింది. పువ్వు విప్పి చూస్తే గానీ తెలియలేదు. కాయ లేని పచ్చదనానికి ఎకరానికి లక్షల్లో పెట్టుబడి పెట్టి ఉన్నారు. పంట బాగున్నా ధర లేక మునిగిన ఏళ్ళున్నాయి, ఆ నెల మార్కెట్ యార్డు ధర మీ దగ్గరే ఉంటుంది, రిపోర్టుకు జతచేయండి. గత మూడేళ్ళవి చూడండి. ఒక్క పంటతో ఎవరూ మునగరు, మూడోదానితో మునుగుతారు. ఇక బ్యాంకు ఖాతా “సక్రమంగా రెన్యువల్ అయింది” కాబట్టి అప్పుల బాధ లేదనడం మీరే నమ్మని వాదన. రెన్యువల్ ఎలా అవుతుందో మీకు తెలుసు. ఒక్క రోజుకు బయట అప్పు తెచ్చి బ్యాంకులో కట్టి, మర్నాడు కొత్త రుణం ఎత్తి, ఒక్క రోజు మిత్తి ఇచ్చి ఇంటికి రావడం. ఖాతా ఎంత శుభ్రంగా ఉంటే బయట అప్పు అంత ఉందని అర్థం చేసుకోవాల్సిన సందర్భాలే ఎక్కువ.

ఎవరు రైతు అన్నది ఇంకో చిక్కు. అది తేలేది కమిటీలో కాదు, “వృత్తి” అనే చిన్న గడిలో. ఖాళీ కాళ్ళతో, చిరిగిన బనీనుతో ఉన్న మనిషికి రైటరు “కూలి” అని రాస్తాడు. కౌలురైతు వానాకాలం నాలుగు నెలలు రైతు, మిగతాప్పుడు కూలే, తప్పు రాయలేదనే అనుకుంటాడు. ఆ గడే జాతీయ నేర గణాంకాల దాకా పోతుంది. 2022లో వ్యవసాయ రంగంలో ఆత్మహత్యలు 11,290 అని ఎన్‌సీఆర్‌బీ (జాతీయ నేర రికార్డుల బ్యూరో) లెక్క. అందులో రైతులు 5,207, వ్యవసాయ కూలీలు 6,083. రైతుల్లో ఆడవాళ్ళు దేశం మొత్తం మీద 208. పత్తి ఏరేది, నాటు వేసేది, కలుపు తీసేది ఎవరో చూసిన కళ్ళకు ఆ 208 ఎలా వచ్చిందో వేరే చెప్పక్కర్లేదు. “గృహిణి” అనే మాటతో వచ్చింది. పట్టా ఎవరి పేరున ఉందని కాకుండా పొలం పని ఎవరు చేశారని అడిగి ఆ గడి నింపండి.

కౌలుకు రుజువేది అంటారు. ఆంధ్రప్రదేశ్‌లో 2019 పంట సాగుదారుల హక్కుల చట్టం కింద 11 నెలల సాగుదారు కార్డు ఉంది, ఈ-క్రాప్ నమోదు ఉంది. భూయజమాని సంతకానికి జంకి కార్డు రానివాళ్ళు ఉన్నా ఈ-క్రాప్‌లో పేరు దొరుకుతుంది. తెలంగాణలో 2011 నాటి సాగుదారుల చట్టం ఉన్నా రుణ అర్హత కార్డులు ఇవ్వడం దాదాపు నిలిచిపోయింది, ధరణి భూరికార్డుల పోర్టల్ వచ్చాక కాస్తుదారు (సాగు చేసే మనిషి) గడే కనపడకుండా పోయింది. రికార్డులో గడి తీసేసి, ఆ రికార్డే తెమ్మని విధవను అడగడం ఏం న్యాయం? పక్క చేను రైతులు ఇద్దరి మాట, పత్తి అమ్మిన తక్‌పట్టీ మీద పేరు, ఎరువుల చీటీ, ఇవి చాలనుకోవాలి. పోడు భూముల్లో అటవీ హక్కుల పట్టా రాని ఆదివాసీ కుటుంబాలకూ ఇదే.

తాగుడు గురించి దాటవేయం. “తాగుడుకు బానిసై” అని రాసిన ఫైళ్ళలో చాలామంది నిజంగానే తాగేవాళ్ళు. భార్యే చెబుతుంది, దాచదు. కానీ మీ నమూనా ఒక్క కారణమే అడుగుతుంది, జీవితం అలా లేదు. అప్పు పెరిగితే తాగుడు పెరుగుతుంది, తాగుడుకు అప్పు పెరుగుతుంది, ఇంట్లో గొడవ, ఒంట్లో రోగం. మనోవ్యాధికి మందేసుకునే మనిషికి కూడా బోరు ఫెయిలవుతుంది. ఆమె తాగుడు మాట చెబితే రాయండి, అప్పు మాట చెబితే అదీ రాయండి. రెండింట్లో మీకు తేలికైనది ఏరుకోకండి. నిజాయితీగా ఉన్నది చెప్పినందుకు ఆమెను శిక్షించినట్టు కాకూడదు.

ఫోరెన్సిక్ ల్యాబు రిపోర్టు రాలేదని విచారణ ఆపడం మానండి. ఆ రిపోర్టుకు నెలలు పడుతుంది. అది వచ్చి చెప్పేది విషం ఏదో. అప్పు ఎందుకైందో చెప్పదు. మండల విచారణ దాని కోసం ఆగక్కర్లేదు, అప్పటికి దుకాణం చీటీల మీద సిరా కూడా వెలిసిపోతుంది.

చివరగా తిరస్కారం. ఆఫీసు భాషలో “నాన్ జెన్యూన్.” ఇంటిమనిషి చావును నకిలీ అన్నట్టు వినపడే ఆ మాట ఎవరు మొదలుపెట్టారో గానీ, కనీసం ఆమె ముందు అనకండి. ఫైలు కొట్టేస్తే అటెండరు నోటితో “నీది రాలేదమ్మా” అని కాక, కాగితం మీద తెలుగులో చెప్పండి. ఏ కాగితం తక్కువైంది, ఎవరి రిపోర్టులో ఏ వాక్యం అడ్డమైంది, తిరిగి ఎవరికి పెట్టుకోవాలి, ఎన్ని రోజుల్లో. ఆ కాగితం ఉంటే ఆమె సోమవారం ప్రజావాణిలో కలెక్టరు ముందు నిలబడి మాట్లాడగలదు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో ఆడవాళ్ళకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది, 15100 నంబరు ఉంది. అక్కడికి పోయినా లాయరు మొదట అడిగేది ఆ కాగితమే. లేకపోతే సమాచార హక్కు దరఖాస్తు వేసి, మీరు ఉచితంగా ఇవ్వాల్సిన మాట కోసం ముప్పై రోజులు ఎదురుచూడాలి.

ఇంటికి పోయినప్పుడు ఇంకొకటి గమనించండి. ఆ ఆడమనిషి కూడా ప్రమాదంలో ఉండొచ్చు. మాటల్లో ఆ జాడ కనపడితే వాంగ్మూలం పక్కన పెట్టి, రాత్రుళ్ళు పక్కన మనిషి ఉండేలా చూడండి. ఇంట్లో మిగిలిన పురుగుల మందు డబ్బాలు తీసుకెళ్ళమని చెప్పండి. 14416 టెలీ మానస్‌కు పగలూ రాత్రీ ఎప్పుడైనా తెలుగులో మాట్లాడొచ్చని చెప్పి, నంబరు ఆ నోటుపుస్తకం అట్ట మీదే పెద్ద అంకెల్లో రాసి రండి.

రాయడం అయ్యాక చదివి వినిపించండి. గబగబా కాదు, ఆమె “ఆగు సారు” అనగలిగేంత నెమ్మదిగా. “ఇది నేను చెప్పలే” అంటే ఆ వాక్యం కొట్టేసి, పక్కన పొడి సంతకం చేసి, చెప్పింది రాయండి. కొట్టివేతలు లేని వాంగ్మూలం చూస్తే మాకు నమ్మకం కలగదు, మీకూ కలగకూడదు. అర్జీ మీద వేలిముద్ర ఆ తర్వాత.

ఇట్లు,
రెండు తెలుగు రాష్ట్రాల్లో రైతు కుటుంబాల ఫైళ్ళ వెంట తిరిగేవాళ్ళం